పుట్టిన ఊరు మళ్లీ పిలిస్తే...

2025 వేసవిలో మా ఇంటికి ఒక కార్డు వచ్చింది. నాలుగు మూలలా పసుపు, పైన వినాయకుడు. మా పెదనాన్నగారి అబ్బాయి కోనసీమలోని మా పాత మండువా ఇల్లు పడగొట్టించి అదే స్థలంలో డాబా కట్టాడు. దాని గృహప్రవేశం. ముహూర్తం ఎన్నింటికో, భోజనాలు ఎక్కడో చూసి పక్కన పెట్టబోతూ అడుగున ఆహ్వానించేవారి పేర్ల మీద చూపు పడింది. పెదనాన్నగారి పేరు, మా నాన్నగారి పేరు, వాటి కింద మా మేనత్త పేరు! కళ్లజోడు తుడుచుకుని మళ్లీ చదివాను.

మా ఇంట్లో ఆ పేరు ఎవరూ పైకి అనగా నేను వినలేదు. 1979లో అత్తయ్య తనతోపాటు బడిలో పాఠాలు చెప్పే వేరే కులం ఆయన్ని రిజిస్ట్రారు ఆఫీసులో పెళ్లి చేసుకుంది. తాతగారు బతికున్న కూతురికి నీళ్లొదిలేశారు. మా పాత ఆల్బమ్‌లో నానమ్మ ఫొటో ఒకటి ఉంది. నానమ్మ పక్కన సగం ఫొటో కత్తెరతో కత్తిరించేశారు. కత్తిరించినవాళ్లు మరీ అంత జాగ్రత్తగా కత్తిరించలేదు కాబోలు, నానమ్మ భుజం మీద ఒక చెయ్యి మాత్రం మిగిలిపోయింది. నా చిన్నప్పుడు "ఈ చెయ్యి ఎవరిది?" అని అడిగితే అమ్మ ఆల్బమ్ మూసేసి పాలు తాగమంది.

నా మొదటి కథ అచ్చయినప్పుడు పత్రికలో నా ఇంటిపేరు, ఊరు చూసి విశాఖపట్నం నుంచి ఒక ఉత్తరం వచ్చింది. "నేను నీకు మేనత్తని అవుతాను, నీకు తెలుసో లేదో" అని మొదలైంది. అప్పటినుంచి మేమిద్దరం మాట్లాడుకుంటున్నాం.

కార్డు వచ్చిన రోజు రాత్రే ఫోను చేసింది అత్తయ్య.

"చూశావా అమ్మాయ్, నన్ను పిలిచేవాళ్లలో వేశాడు మీ అన్నయ్య. గడప దాటి పొమ్మన్నప్పుడు వాడింకా పుట్టనేలేదులే. ఏం చెయ్యమంటావు? వెళ్లనా?"

ఏం చెప్పను? "రేపు చెప్తాను అత్తయ్యా" అని తప్పించుకున్నాను. కథలు రాసేవాళ్లకి అన్నింటికీ సమాధానం తెలుసని లోకం అనుకుంటుంది గానీ మా దగ్గర ఉండేవి ప్రశ్నలే.

సరిగ్గా ఆ వారమే పేపర్లో బెర్లిన్ నుంచి ఒక వార్త. మార్గొట్ ఫ్రీడ్‌లెండర్ అనే ఆవిడ మే 9న కన్నుమూసింది. వయసు 103. జర్మనీ రాజధాని బెర్లిన్ నగరం ఆవిడకి 2018లో 'గౌరవ పౌరసత్వం' ఇచ్చిందని ఉంది. అక్కడ ఆగిపోయాను. ఆవిడ పుట్టిందే బెర్లిన్‌లో. పుట్టిన ఊరివాళ్లు పుట్టిన పిల్లకి గౌరవ పౌరసత్వం ఇవ్వడమేమిటి? మనింట్లో మనకే పీట వేసి "అతిథిగారూ కూర్చోండి" అన్నట్టు లేదూ? అందుకే ఆ కథ పట్టుకున్నాను. వంటింట్లో కుక్కర్ రెండుసార్లు మాడింది, అది వేరే సంగతి.

గౌరవ పౌరసత్వం అంటే పాస్‌పోర్టు కాదు, ఓటూ కాదు. మన మునిసిపల్ హాలులో శాలువా కప్పి, పూలదండ వేసి చేసే పౌర సన్మానానికి దూరపు చుట్టం అనుకోండి. తేడా ఏమిటంటే, మన శాలువా బీరువాలోకి పోతుంది, అక్కడ పేరు జాబితాలోకి ఎక్కుతుంది. బెర్లిన్‌లో ఆ జాబితా 1813లో మొదలైంది. గౌరవ పౌరుల చిత్తరువులు నగర శాసనసభ భవనంలో వేలాడదీస్తారు. రెండు శతాబ్దాలు దాటినా ఆ పేర్లు వంద పైచిలుకే. అందులోకి మొదటిసారి ఒక స్త్రీ పేరు ఎక్కింది 1957లో. లూయిసె ష్రోడర్ అనే ఆవిడ. యుద్ధంలో నేలమట్టమైన ఊరికి 1947, 48లలో తాత్కాలిక మేయరుగా ఉండి గండం గట్టెక్కించిన మనిషి. అంటే ఒక ఆడమనిషి కనబడడానికి ఆ మహానగరానికి 144 ఏళ్లు పట్టిందన్నమాట!

పోనీ ఆ జాబితాలో మగవాళ్లందరూ మహానుభావులేనా అంటే, 1933లో హిట్లర్ పేరు ఎక్కించారు. అతని తాబేదార్లు గోరింగ్, గోబెల్స్ పేర్లూ ఎక్కాయి. యుద్ధం అయ్యాక 1948లో కొట్టేశారు. హిట్లర్‌కి ఛాన్సలర్ పదవి కట్టబెట్టిన అధ్యక్షుడు హిండెన్‌బర్గ్ పేరు మాత్రం 2020 దాకా అలాగే ఉంది. అంటే 2018లో మార్గొట్ పేరు ఎక్కేనాటికి ఆయన పేరు అందులోనే ఉందన్నమాట.

ఇక మార్గొట్ సంగతి.

1921 నవంబరులో బెర్లిన్‌లో ఒక యూదు కుటుంబంలో పుట్టింది. పుట్టింటిపేరు బెండ్‌హైమ్. తల్లిదండ్రులు విడిపోయారు. తల్లి, మార్గొట్, తమ్ముడు రాల్ఫ్ కలిసి ఉండేవారు. నాజీల రాజ్యం. యూదులు బట్టల మీద పసుపు నక్షత్రం కుట్టుకుని తిరగాలి. ఒక్కొక్క కుటుంబాన్నీ రైళ్లెక్కించి తీసుకుపోతున్నారు. ముగ్గురూ ఊరొదిలి పారిపోవాలని ఏర్పాటు చేసుకున్నారు. ఆ రోజు 1943 జనవరి 20. ఆమెకి 21 ఏళ్లు, తమ్ముడికి 17.

సాయంత్రం పనినుంచి ఇంటికి వస్తూంటే తమ ఇంటి ముందు ఎవరో మనిషి కనిపించాడు. నక్షత్రం కనబడకుండా చెయ్యి అడ్డం పెట్టుకుని, ఆగకుండా మెట్లెక్కి, తమ వాటా దాటి పై అంతస్తులో పొరుగింటి తలుపు తట్టింది. తమ్ముణ్ని గెస్టపోవాళ్లు పట్టుకుపోయారని తెలిసింది. తల్లి ఇంట్లో లేదు కాబట్టి దొరకలేదు. కానీ కొడుకు ఒక్కడే పోతాడని ఆ తల్లి తనంతట తానే పోలీసుల దగ్గరికి వెళ్లిపోయింది. కూతురికి ఇవ్వమని ఒక చేతిసంచీ వదిలి వెళ్లింది. అందులో ఒక చిన్న చిరునామాల పుస్తకం, ఒక అంబరు పూసల దండ. నీ బతుకు నువ్వు బతకడానికి ప్రయత్నించు అని నోటిమాటగా కబురు.

ఈ ఒక్క చోట నేను రెండు రోజులు ఆగిపోయాను. ఇద్దరు పిల్లల తల్లిని. చిన్నవాడు ప్రాణాపాయంలో ఉంటే పెద్దదాని చేతిలో సంచీ పెట్టి వెళ్లగలనా? చేతిలో పెట్టడానికి కూడా వ్యవధి లేదే! కూతురు బతకగలదన్న నమ్మకమా, కొడుకు ఒంటరిగా చావకూడదన్న ఆరాటమా? మీరే చెప్పండి. నాకైతే ఆ తల్లిని తప్పుపట్టాలనీ అనిపించలేదు, దండం పెట్టాలనీ అనిపించలేదు. ఊరికే కూర్చుండిపోయాను. ఆ తల్లినీ కొడుకునీ ఆష్విట్జ్‌లో చంపేశారు. అప్పటికే వేరే దేశం పోయిన తండ్రినీ అక్కడే చంపేశారు.

మార్గొట్ అదే బెర్లిన్‌లో దాక్కుంది. జుట్టుకి ఎర్రరంగు వేయించుకుంది. మెడలో శిలువ వేసుకుంది. ముక్కుకి ఆపరేషన్ కూడా చేయించుకుంది, మొహం గుర్తుపట్టకుండా. సుమారు 15 నెలలు ఇల్లు మారుతూ, రాత్రికి ఎవరి పంచన పడుకోవాలో తెలియకుండా గడిపింది. పట్టుబడితే తమ ప్రాణాలకే ముప్పని తెలిసి కూడా ఆమెకి చోటిచ్చినవాళ్లు, సాయం చేసినవాళ్లు 16 మంది. వాళ్లూ బెర్లిన్ వాళ్లే సుమండీ! ఊరంటే తరిమిన ఊరొక్కటే కాదు, దాచిన ఊరు కూడా ఉంటుంది. 1944 వసంతంలో వీధిలో పట్టుబడింది. థెరీజియన్‌ష్టాట్ అనే నిర్బంధ శిబిరానికి పంపారు. అక్కడ బెర్లిన్‌లో ముందే పరిచయం ఉన్న అడాల్ఫ్ ఫ్రీడ్‌లెండర్ కనిపించాడు. అతనూ అందరినీ పోగొట్టుకున్నవాడే. 1945లో విడుదల కాగానే పెళ్లి చేసుకున్నారు. మరుసటి ఏడు ఓడెక్కి న్యూయార్క్ చేరుకున్నారు.

అక్కడ ఆవిడ బట్టలు కుట్టింది. తర్వాత ట్రావెల్ ఏజెంటుగా పనిచేసింది. ఎంతమందికి టికెట్లు చేసి ఏయే దేశాలు పంపిందో గానీ, బెర్లిన్‌కి మాత్రం తాను వెళ్లలేదు. భర్తకి ఆ ఊరి మాటే వద్దు. అర్థం చేసుకోదగ్గదే. 1997లో ఆయన పోయాక, ఒంటరిగా ఉన్న ఆవిడ ఒక చోట జ్ఞాపకాలు రాయడం నేర్పే తరగతిలో చేరింది. డెబ్బై అయిదు దాటిన మనిషి నోటుపుస్తకం పట్టుకుని క్లాసుకి! 'ఈ వయసులో ఏం రాస్తాం' అని నాతో అనే నా స్నేహితురాళ్లు ఈ వాక్యం రెండుసార్లు చదవాలి.

2003లో బెర్లిన్ నగర ప్రభుత్వం ఆహ్వానిస్తే చుట్టపుచూపుగా వెళ్లింది. 2008లో పుస్తకం అచ్చయింది. 2010లో, 88 ఏళ్ల వయసులో, న్యూయార్క్‌లో 64 ఏళ్లు కాపురం చేసిన చోటు ఖాళీ చేసి, బెర్లిన్‌కి మకాం మార్చేసింది. అక్కడ ఆమెలాంటివాళ్లు చాలామందికి ఇది మింగుడు పడలేదు. చంపినవాళ్ల మధ్యకి పోతావా అని. ఆవిడ పోయింది. పోయి ఊరుకోలేదు, బడి బడికీ తిరిగింది. పిల్లల ఎదుట కూర్చుని ఇదంతా చదివి వినిపించింది. జరిగినదానికి మీరు దోషులు కారు, మళ్లీ జరగకుండా చూసే బాధ్యత మాత్రం మీదేనని చెప్పింది. ఎక్కడికి వెళ్లినా మెడలో అమ్మ అంబరు దండ.

ఇక్కడ ఒక సంగతి చూడండి. ఆవిడ వచ్చిన 2010లోనే జర్మన్ పౌరసత్వం తిరిగి ఇచ్చారు. గౌరవ పౌరసత్వం వచ్చింది 2018లో. మొదటిది లాక్కున్నది తిరిగివ్వడం. అది సన్మానం కాదు, బాకీ. రెండోది ఎనిమిదేళ్లు ఆవిడ చేసిన పని చూశాక ఇచ్చింది. బాకీ తీర్చకుండా శాలువా కప్పేవాళ్లని మనం చాలామందిని చూశాం కదా. కనీసం ఇక్కడ వరస తప్పలేదు.

వరస తప్పిన కథ కూడా అదే ఊళ్లో ఉంది. మార్లీన్ డీట్రిచ్ అని ఒకప్పటి గొప్ప సినిమా తార. ఆవిడా బెర్లిన్ పిల్లే, 1901లో షోనెబర్గ్ పేటలో పుట్టింది. 1930లో హాలీవుడ్ వెళ్లింది. నాజీలు వెనక్కి రమ్మని ఎంత ఆశపెట్టినా రానంది. 1939లో అమెరికా పౌరసత్వం తీసుకుంది. యుద్ధంలో అమెరికా సైనికుల శిబిరాల్లో పాటలు పాడింది, సొంత దేశానికి ఎదురు పక్షంలో నిలబడి. వాళ్లమ్మ అప్పుడు బెర్లిన్‌లోనే ఉంది! 1945లో యుద్ధం అయ్యాక తల్లీకూతుళ్లు కలుసుకున్నారు. ఆ నవంబరులోనే తల్లి పోయింది.

1960లో పాటల కచేరీకి బెర్లిన్ వస్తే, "మార్లీన్, మీ ఇంటికి పో" అని అట్టలు పట్టుకుని నిలబడ్డారు జనం. ఇంటికొచ్చిన పిల్లని ఇంటికి పొమ్మనడం! ఆ పర్యటనలోనే వేరే ఊళ్లో ఒకమ్మాయి ఆవిడ మొహాన ఉమ్మేసింది. 1992లో పారిస్‌లో చనిపోయి, బెర్లిన్‌లో తల్లి సమాధికి దగ్గర్లోనే మట్టిలో కలిసింది. అప్పుడు కూడా, అధికారికంగా జరపాలనుకున్న సంస్మరణ సభ రద్దయింది. ఆవిడ పుట్టిన పేటలో ఒక వీధికి పేరు పెడదామంటే అక్కడివాళ్లు ఒప్పుకోలేదు. 1997లో వేరే చోట ఒక కూడలికి పెట్టారు. 2001లో నూరో పుట్టినరోజుకి నగరం క్షమాపణ చెప్పుకుంది. 2002లో గౌరవ పౌరసత్వం ఇచ్చింది, పోయిన పదేళ్లకి. ఆవిడ తీసుకునేదో, విసిరికొట్టేదో ఇక ఎవరికీ తెలిసే దారి లేదు. చనిపోయినవాళ్లకి సన్మానం చేయడంలో ఉన్న సుఖం అదే.

ఇచ్చినవాళ్లు వెనక్కి తీసుకున్న సందర్భాలూ లేకపోలేదు. బర్మా నాయకురాలు ఆంగ్ సాన్ సూచీకి పారిస్ 2004లో గౌరవ పౌరసత్వం ఇచ్చి, రోహింగ్యాల మీద దారుణాలు జరుగుతుంటే ఆమె నోరు విప్పలేదని 2018లో రద్దు చేసింది. న్యాయమే కావచ్చు. అయినా నాకనిపించేది, ఇచ్చేదీ తీసుకునేదీ ఊరే అయినప్పుడు, పుట్టడం అనేది ఎవరివ్వాలి, ఎవరు రద్దు చెయ్యాలి?

మర్నాడు ఇదంతా అత్తయ్యకి ఫోనులో చెప్పాను. గంట పట్టింది. మధ్యమధ్య 'ఊఁ' అంటూ విన్నది. మార్లీన్ సంగతి దగ్గర మాత్రం "పోనీలే, ఆవిడకి ఈ ఇబ్బంది తప్పింది" అని నవ్వింది. తర్వాత అడిగింది.

"ఆ ముసలావిడ పేరు జాబితాలో ఏ ఇంటిపేరుతో రాశారు? పుట్టింటిదా, మొగుడిదా?"

"ఫ్రీడ్‌లెండర్ అనే అత్తయ్యా. మొగుడిదే."

"మీ అన్నయ్య కార్డు తీసి చూడు."

తీసి చూశాను. నాకు సిగ్గేసింది. కథలు రాసేదాన్ని, పేరు చూసి సంబరపడ్డానే గానీ దాని ముందున్న అక్షరాలు చూడలేదు. మా ఇంటిపేరుతో వేశారు. 46 ఏళ్ల కిందట ఆవిడ వదులుకున్న పేరు. మావయ్యగారు 2019లో పోయారు. ఆయన ఇంటిపేరు ఎక్కడా లేదు. మళ్లీ కత్తెర ఆడించారు, ఈసారి చెయ్యి కూడా మిగలకుండా.

అన్నయ్యకి ఫోను చేశాను. "అబ్బే, కావాలని కాదే. ఒక వరసలో బాగుంటుందని నాన్నే అలా వెయ్యమన్నారు. అయినా 400 కార్డులు అచ్చయిపోయాయి" అన్నాడు. వాడు అబద్ధం చెప్పడం లేదు, నాకు తెలుసు. మా నాన్నగారిని అడిగాను. ఆయన పేపరు మడిచి, "అది వస్తుందిట్రా?" అన్నారు. అంతకుమించి మాట్లాడలేదు. మా నాన్నకి ఇప్పుడు 74. ఆ ఫొటో కత్తిరించింది ఎవరని నేను ఆయన్ని ఎప్పుడూ అడగలేదు. ఆ రోజు కూడా అడగలేకపోయాను.

అత్తయ్య వచ్చింది. నేను రాజమండ్రి స్టేషన్లో దింపుకుని కారులో తీసుకెళ్లాను. గంధం రంగు నేత చీర, మెడలో ఒంటిపేట గొలుసు. వాకిట్లో కారు ఆగగానే ఇల్లు చూసి, "ఇదా! ఆ గడప ఏదీ?" అంది. పాత గడప టేకుది, పడగొట్టినప్పుడు అమ్మేశారట. దాటి వెళ్లిన గడపే లేనప్పుడు లోపలికి రావడం తేలికే అనుకుంది కాబోలు, తడుముకోకుండా మెట్లెక్కింది. మా నాన్నగారు చెంబుతో కాళ్లకి నీళ్లు తెచ్చారు. పనివాళ్లు ఉన్నారు, తెమ్మంటే తెచ్చేవారు. ఆయనే తెచ్చారు. అన్నాచెల్లెళ్లిద్దరూ ఒక్క మాటా అనుకోలేదు. పెదనాన్నగారు లోపలి గదిలో మంచం మీదే ఉండిపోయారు, మోకాళ్ల నొప్పులని.

భోజనాలయ్యాక వదిన బొట్టు పెట్టి పట్టుచీర పెట్టింది. అత్తయ్య తీసుకుంది, చూసి బాగుందంది కూడా. తర్వాత హాల్లో ఓ మూల బల్ల వేసుకుని చదివింపులు రాసే కుర్రాడి దగ్గరికి వెళ్లి నిలబడింది. పర్సులోంచి 1116 రూపాయలు తీసి లెక్కపెట్టి ఇచ్చింది.

"ఏం పేరు రాయమంటారండీ?" అన్నాడతను.

అత్తయ్య మావయ్యగారి ఇంటిపేరు చెప్పింది, తర్వాత ఆయన పేరు, ఆ తర్వాత తన పేరు. అతను గబగబా తన పేరొక్కటే రాయబోతే ఆపి, "ముందు ఇంటిపేరు, బాబూ" అంది. పుస్తకం మీదికి వంగి, ఒక్కొక్క అక్షరం రాసేదాకా అక్కడే నిలబడి చూసింది.